రంగం వెళ్ళిన తెలుగు కూలీలు

1852వ సంవత్సరం తెలుగు తీరానికి రెండు విధాల గమనింపదగినది. ఆ ఏడు ధవళేశ్వరం వద్ద గోదావరిపై ఆనకట్ట నిర్మాణం పూర్తయింది. బంగాళాఖాతానికి ఆవలి ఒడ్డున రెండవ బర్మా యుద్ధం జరిగి, ఐరావతీ నదీముఖ భూములూ, తెలుగువారు రంగం అని పిలిచే రంగూన్ రేవూ ఈస్టిండియా కంపెనీ వశమయ్యాయి. మొదటి ఘటన గోదావరి డెల్టాను సస్యశ్యామలం చేసి, కాలక్రమాన ఒక సంపన్న రైతువర్గాన్ని సృష్టించింది. రెండవది, ఆ ఆనకట్ట నీరు అందని మెట్టపల్లెల నుంచి, విశాఖపట్నం, గంజాం జిల్లాల జమీందారీ గ్రామాల నుంచి, తరం వెంట తరంగా లక్షలాది మందిని సముద్రం దాటించింది. మొదటిదాన్ని గురించి మన చరిత్రకారులు విరివిగా రాశారు. రెండవది ఉత్తర కోస్తా కుటుంబాలలో, రంగం వెళ్ళి వచ్చిన తాతను గురించిన ముచ్చటగా నిలిచిందే గాని, పాఠ్యగ్రంథాలలో దానికి దక్కిన చోటు అత్యల్పం.

వలసకు మూలకారణాలు వెదకడం కష్టం కాదు. 1802 నాటి శాశ్వత శిస్తు నిర్ణయం ఉత్తర సర్కారులలో జమీందారుల హక్కును స్థిరపరచిందే తప్ప, భూమి దున్నేవాని హక్కును స్పష్టంగా నిర్వచించలేదు. వర్షాధారపు పొలం, ఏడాదిలో కొన్ని నెలలకు మించి దొరకని పని, అప్పుకు తాకట్టుపడిన శ్రమ, వీటికి తోడు 1866లో గంజాంను, 1876 - 78లలో దక్షిణాదిలో అధికభాగాన్ని పీడించిన కరవులు, పల్లె విడిచిపోవడం తప్ప గత్యంతరం లేని వర్గాన్ని తయారుచేశాయి. అదే కాలంలో, 1869లో సూయజ్ కాలువ తెరుచుకున్న తరువాత, బర్మా బియ్యానికి ఐరోపాలో గిరాకీ పెరిగింది. ఎగువ బర్మా రైతులు దిగువకు తరలివచ్చి, చిత్తడి అడవులను నరికి పొలాలు చేసుకోగా, ఆ ధాన్యాన్ని కోయడానికీ, మిల్లులలో ఆడించడానికీ, ఓడలకెక్కించడానికీ కావలసిన చేతులు సముద్రానికి ఇవతల నుంచి వెళ్ళాయి. 1885లో మూడవ యుద్ధంతో బర్మా రాజ్యం అంతరించి, దేశమంతా భారత సామ్రాజ్యంలో ఒక భాగమైంది. అందువల్ల కాకినాడలోనో, భీమునిపట్నంలోనో, కళింగపట్నంలోనో ఓడెక్కిన కూలీ చట్టం దృష్టిలో విదేశానికి పోవడం లేదు. ఈ విషయం తరువాతి కథకు ముఖ్యం. తాను దాటుతున్నది ఒక సరిహద్దు అని అతనికి ఎవరూ చెప్పలేదు. అప్పటికి అది సరిహద్దు కాదు కూడా.

బర్మాలో ఆ కూలీలకు స్థిరపడిన పేరు కొరంగీలు. ఒకప్పుడు గోదావరి ముఖద్వారాన పేరుగాంచి, 1839 నాటి పెనుతుపానుకు నాశనమైన కోరంగి రేవు నుంచి వచ్చిన పేరు అది. రేవు పోయినా పేరు మిగిలింది. క్రమంగా తెలుగువాడైన ప్రతి శ్రామికునికీ, కొంత చులకనతో, అది వర్తించసాగింది.

వలస యంత్రాంగానికి ఇరుసు మేస్త్రీ. అతడు ఊరికి వచ్చి బయానా ఇచ్చి, ఓడ చార్జీ పెట్టుకొని, మనుషులను జట్టుగా తీసుకువెళ్ళేవాడు. రంగూన్‌లో ఆ జట్టును కంట్రాక్టరుకు అప్పగించి, కూలీ డబ్బు తన చేతుల మీదుగా పంచుతూ, బయానా, వడ్డీ, తన కమీషను మినహాయించుకునేవాడు. రేవులో సరుకు దింపించే ఐరోపా కంపెనీకీ, బస్తా మోసే కళాసీకీ నడుమ ఇటువంటి మధ్యవర్తులు ఇద్దరో ముగ్గురో ఉండేవారు. చెరకుతోటల వలసలోని ఒప్పంద దాస్యం ఇక్కడ లేదన్నది నిజమే. చట్టరీత్యా కూలీ స్వతంత్రుడు. లెక్కల పుస్తకం రీత్యా మాత్రం కాదు. అయితే మేస్త్రీని కేవల దోపిడీదారుగా చిత్రించడం కూడా సగం సత్యమే అవుతుంది. భాష తెలియని నగరంలో పని చూపినవాడు, బస చూపినవాడు, జబ్బు చేస్తే అప్పిచ్చినవాడు, ఇంటికి ఉత్తరం రాయించినవాడు అతడే. ప్రభుత్వం చేయవలసిన పనులు చేయని చోట, వాటిని చేసి ధర వసూలు చేసేవాడొకడు పుట్టుకొస్తాడు.

1920ల చివరికి భారతదేశం నుంచి బర్మాకు ఏటా మూడు లక్షలకు పైబడి జనం వెళ్తుండేవారు. అంతకు కొంచెం తక్కువగా తిరిగివస్తుండేవారు. వలస ప్రయాణికుల రద్దీలో రంగూన్ రేవును ఆనాడు న్యూయార్కుతో పోల్చేవారు. 1931 జనాభా లెక్కల ప్రకారం బర్మాలో భారతీయులు పది లక్షలకు పైగా, అందులో తెలుగువారు లక్షన్నరకు పైగా ఉన్నారు. నాలుగు లక్షల జనాభా గల రంగూన్‌లో సగానికి మించినవారు భారతీయులే. తెలుగువారిలో స్త్రీల సంఖ్య అతిస్వల్పం. రెండు మూడేళ్ళు రేవులోనో మిల్లులోనో పనిచేసి, రిక్షా లాగి, వీధులూడ్చి, ఇరుకు గదుల్లో వంతులవారీగా నిద్రించి, కొంత సొమ్ముతో ఊరికి తిరిగివెళ్ళి, అది కరిగాక మళ్ళీ ఓడెక్కడం వారి జీవనక్రమం. బర్మా సమాజంతో వారికి సంబంధం దాదాపు లేదు. ఆ దేశంలో దీర్ఘకాలం ఉద్యోగం చేసిన ఆంగ్ల పరిశోధకుడు ఫర్నివాల్, వలస పాలన కింది బర్మాను భిన్నజాతులు అంగట్లో మాత్రమే కలుసుకునే సమాజంగా వర్ణించాడు. కొరంగీల విషయంలో ఆ వర్ణన అక్షరాలా వర్తిస్తుంది.

ఈ దృశ్యాన్ని బర్మా రైతు వైపు నుంచి చూడకపోతే తరువాతి పరిణామాలు అర్థం కావు. తన దేశపు బియ్యం లోకమంతటికీ పోతున్నా, తన చేతిలోని భూమి జారిపోతున్నదని అతడు గ్రహించాడు. 1929 తరువాతి ఆర్థికమాంద్యంలో ధాన్యం ధర కుప్పకూలగా, తాకట్టు పొలాలు ఋణదాతల పరమయ్యాయి. దిగువ బర్మాలోని పదమూడు ప్రధాన వరి జిల్లాలలో, తమిళ వడ్డీ వ్యాపారులైన చెట్టియార్ల చేతిలోని భూమి 1930లో వందకు ఆరు వంతులు కాగా, 1938 నాటికి ఇరవై ఐదు వంతులకు చేరింది. నిజానికి చెట్టియార్లు పొలాలు కోరుకోలేదు, బాకీలు కోరుకున్నారు; కాని పొలం పోయినవానికి ఆ భేదంతో పని లేదు. రైల్వేలో, తంతి తపాలాలో, పోలీసులో, వడ్డీ దుకాణంలో, రేవులో అతనికి ఎదురైన ముఖం భారతీయుని ముఖం. స్టీల్ బ్రదర్స్, ఐరావతీ ఫ్లోటిల్లా, బర్మా ఆయిల్ వంటి బ్రిటిష్ కంపెనీల వాటాదారులు లండన్‌లోనూ గ్లాస్గోలోనూ ఉన్నారు. వారు అతనికి ఎదురుపడరు. అందువల్ల కోటీశ్వరుడైన ఋణదాతా, ఒంటిపూట తిని డబ్బు కూడబెట్టే కళాసీ, ఇద్దరూ అతని దృష్టిలో ఒకే జాతి, ఒకే నేరం. ఆ బాధ న్యాయమైనది. ఆ కోపం చేరిన చోటు మాత్రం న్యాయమైనది కాదు.

1930 మే మాసంలో ఈ వైషమ్యం రక్తరూపం దాల్చింది. రంగూన్ రేవులోని తెలుగు కళాసీలు కూలీ పెంపు కోరుతూ సమ్మె చేశారు. ఓడల కంపెనీలు సమ్మెను విరవడానికి బర్మీయులను పిలిపించి పనిలో పెట్టాయి. పని లేక అలమటిస్తున్నవారికి అది ఆశ కల్పించింది. కొద్దిరోజులకే యజమానులు కళాసీలతో రాజీకి వచ్చి కొంత పెంపు ఒప్పుకొని, బర్మీయులకు ముందుగా సరైన సమాచారమైనా ఇవ్వకుండా పాతవారిని తిరిగి చేర్చుకున్నారు. మే 26 ఉదయం ఎప్పటివలె రేవుకు వచ్చిన బర్మా కూలీలకు ఇక పని లేదని తెలిసింది. గెలిచిన ఉత్సాహంలో కళాసీలు వారిని ఎగతాళి చేశారంటారు. ఆ ఎగతాళి కొట్లాటగా, కొట్లాట ఊచకోతగా మారడానికి ఎంతోసేపు పట్టలేదు. ఆ తరువాతి రోజులలో కత్తులు ధరించిన గుంపులు కొరంగీల బస్తీలపై పడ్డాయి. అధికారిక లెక్క ప్రకారం సుమారు నూట ఇరవై మంది మరణించగా, తొమ్మిది వందల మంది గాయపడ్డారు. వాస్తవసంఖ్య ఇంతకు చాలా ఎక్కువని అప్పుడే అనేకులు భావించారు. మృతులలో అత్యధికులు తెలుగువారు. అనంతరం రేవుపనిని ఇరుజాతుల వారికీ చెరిసగం పంచే ఏర్పాటు జరిగింది.

ఈ ఘటనలో నింద ఎవరిది? కళాసీల పరిహాసం అవివేకం. హంతకుల క్రౌర్యానికి సమర్థన లేదు. అయినా రెండు ఆకలిగొన్న జట్లను ఒకే పనికి ఎదురెదురుగా నిలిపి, అవసరం తీరగానే ఒకదాన్ని వదిలేసిన యాజమాన్యాల నిర్లక్ష్యమే మూలమని చెప్పక తప్పదు. ఆనాటి నిందలో వారికి వారి వాటా చేరలేదు.

అదే ఏడు డిసెంబరులో థరావడీ జిల్లాలో సయా సాన్ నాయకత్వాన రైతుల తిరుగుబాటు లేచి, దాదాపు రెండేళ్ళు సాగింది. శిస్తులపై, ప్రభుత్వంపై మొదలైన ఆ సమరం కొన్ని జిల్లాలలో భారతీయ సేద్యగాళ్ళపై దాడులుగా కూడా పరిణమించింది. ఆ దశకమంతా రాజ్యపటాలు మారుతూ వచ్చాయి. 1936 ఏప్రిల్ 1న ఒరిస్సా రాష్ట్రం ఏర్పడి, గంజాం జిల్లాలో అధికభాగం మద్రాసు రాజధాని నుంచి విడిపోయింది. సరిగ్గా ఏడాదికి, 1937 ఏప్రిల్ 1న, బర్మా భారతదేశం నుంచి విడిపోయింది. బరంపురం పరిసరాల నుంచి రంగం వెళ్ళిన తెలుగు కూలీ, తాను కదలకుండానే, పన్నెండు నెలల వ్యవధిలో స్వగ్రామాన్ని ఒక కొత్త రాష్ట్రంలోనూ, పనిచోటును ఒక కొత్త దేశంలోనూ చూసుకున్నాడు. ఈ రెండు నిర్ణయాలకూ వాటి వాటి న్యాయం ఉంది. రెండింటిలోనూ అతని అభిప్రాయం అడిగినవారు లేరు.

1938లో మళ్ళీ అల్లర్లు. మరుసటి ఏడు వలసపై విచారణకు నియమితుడైన అధికారి బాక్స్టర్, భారతీయ శ్రామికులు బర్మీయుల పొట్టకొట్టారనడానికి గట్టి ఆధారం లేదని, వారు ఎక్కువగా స్థానికులు చేయని పనులనే చేస్తున్నారని నివేదించాడు. అది చదివి మనసు మార్చుకునే స్థితిలో ఎవరూ లేరు. 1941 జులైలో వలసను కట్టడి చేసే ఒప్పందం కుదిరింది. గాంధీజీ సహా అనేకులు దాన్ని ఖండించారు. అది అమలయ్యే లోగా యుద్ధం వచ్చింది.

1941 డిసెంబరు 23న జపాన్ విమానాలు రంగూన్‌పై బాంబులు కురిపించాయి. ఆకాశంలో విమానాలను చూడడానికి జనం వీధుల్లోకి రావడంతో ఆ ఒక్కరోజే వేయిమందికి పైగా చనిపోయారు; రేవు ముఖ్య లక్ష్యాలలో ఒకటి గనుక కళాసీలు పెద్దసంఖ్యలో బలయ్యారు. రెండు రోజులకు మళ్ళీ దాడి. కూలీలు నగరం విడిచి ఉత్తరంగా ప్రోమ్ దారి పట్టారు. వారు వెళ్ళగానే రేవు ఆగింది, మిల్లులు ఆగాయి, వీధులూడ్చేవారు లేక నగరం కుళ్ళింది. అంతవరకు లెక్కకు రాని మనుషులు ఎంత అవసరమో ప్రభుత్వానికి అప్పుడు తెలిసింది. బుజ్జగించి, హామీలిచ్చి చాలామందిని వెనక్కి రప్పించింది. జనవరిలో పనిచేయగల భారతీయ పురుషులు డెక్కు ప్రయాణికులుగా ఓడలెక్కడంపై ఆంక్షలు కూడా విధించింది. డబ్బున్నవారు, పై తరగతి టిక్కెట్టు కొనగలవారు వెళ్ళిపోయారు. మార్చి 8న రంగూన్ జపాను సేనల పరమైంది. హామీలిచ్చిన ప్రభుత్వం అంతకు ముందే నగరాన్ని ఖాళీ చేసి వెళ్ళింది.

మిగిలినవారికి కాలినడకే శరణ్యం. ప్రోమ్ వద్ద నది దాటి, అరకాన్ కొండల మీదుగా సుమారు నూరు మైళ్ళు నడిచి టౌంగుప్ చేరి, అక్కడి నుంచి పడవలలో అక్యాబుకూ చిట్టగాంగుకూ పోయే దారి మొదటిది. ఆ కొండదారిలో నీరు లేదు, కలరా ఉంది. మాండలే వరకు వెళ్ళి, చింద్విన్ నది దాటి, మలేరియాకు నిలయమైన కబావ్ లోయ మీదుగా తమూ, ఇంఫాల్, అక్కడి నుంచి దీమాపూర్ రైలు స్టేషను చేరే దారి రెండవది. అది మూసుకుపోయాక, మే తరువాతి వర్షాలలో, హుకాంగ్ లోయ బురదలో పడి అస్సాం చేరబోయినవారి గతి అన్నిటికంటె దారుణం. మొత్తం మీద నాలుగైదు లక్షల మంది భారతదేశం చేరారని, దారిలో మరణించినవారు పదివేల నుంచి యాభైవేల వరకు ఉంటారని చరిత్రకారుల అంచనా. కొందరు ఇంకా ఎక్కువ చెబుతారు. అంచనాల నడుమ నలభైవేల ప్రాణాల తేడా ఉండటమే ఆ ప్రాణాలకు ఆనాటి రాజ్యం ఇచ్చిన విలువకు కొలమానం.

ఆ దారులలో సైతం జాతిభేదం పాటించారని, ఐరోపీయులకు మెరుగైన బాట, విడిది, బండ్లు కేటాయించి భారతీయులను వేరు బాటన నడిపించారని ఆనాడే తీవ్రారోపణలు వచ్చాయి. ఏప్రిల్ చివర అలహాబాదులో సమావేశమైన అఖిల భారత కాంగ్రెసు సంఘం ఈ వివక్షను ఖండించింది. అధికారులు అది ఉద్దేశపూర్వకం కాదన్నారు. ఉద్దేశం ఏమైనా ఫలితం ఒకటే. ఇక్కడ మరొక సంగతి చెప్పకపోతే అన్యాయమవుతుంది: దారి పొడవునా గంజి కాచి పోసి, మోయలేనివారిని మోసి, వేలమందిని బతికించినవారిలో అస్సాం తేయాకు తోటల కూలీలు ఉన్నారు. వారిలోనూ చాలామంది, ఒకనాడు ఇదే విధంగా దళారి వెంట ఊరు విడిచివచ్చినవారి సంతతి.

ఇల్లు చేరినవారికి ఇంటి దగ్గర కూడా శాంతి లేదు. 1942 ఏప్రిల్ 6న విశాఖపట్నం, కాకినాడలపై జపాన్ బాంబులు పడ్డాయి. ఆ రోజులలోనే బంగాళాఖాతంలో అనేక వర్తక నౌకలు మునిగాయి. తీరం వారు భయంతో లోపలి ఊళ్ళకు పారిపోతుండగా, మణిపూర్ కొండలు దాటి వచ్చినవారు అదే తీరానికి తిరిగివస్తున్నారు. రంగం నుంచి వచ్చే మనియార్డర్లు ఒక్కసారిగా ఆగిపోయాయి. రంగం డబ్బును నమ్ముకొని చేసిన అప్పులు మాత్రం ఆగలేదు. బర్మా బియ్యం రాక నిలిచిపోవడం 1943 బెంగాల్ కరవుకు గల కారణాలలో ఒకటన్నది సుపరిచితమే. ఉత్తర కోస్తాలో ఇంటింటి జమాఖర్చుపై దాని ప్రభావాన్ని మాత్రం ఎవరూ శ్రద్ధగా పరిశీలించినట్టు కనిపించదు.

యుద్ధానంతరం కొందరు తిరిగి వెళ్ళారు. కాని 1947 నాటి బర్మా వలస నిరోధక చట్టంతో పాత రాకపోకల యుగం ముగిసింది. 1948 జనవరి 4న బర్మా స్వతంత్రమైంది. అక్కడే నిలిచిన తెలుగువారు కొత్త పౌరసత్వ చట్టం కింద దరఖాస్తు చేసుకోవచ్చు, లేదా విదేశీయులుగా నమోదు కావచ్చు. చదువు రానివారికి, ఏనాడూ ఒక కాగితం అవసరపడనివారికి, ఆ ఎంపిక ఎంత గురుతరమైనదో తెలియలేదు. చాలామంది ఏదీ సక్రమంగా చేయలేదు.

1962 మార్చి 2న జనరల్ నెవిన్ అధికారం చేజిక్కించుకున్నాడు. మరుసటి ఏడు బ్యాంకులు, 1964 మార్చిలో దుకాణాలు జాతీయమయ్యాయి. అదే ఏడు మే 17న ఏభై, నూరు చాట్ల నోట్లు రద్దయ్యాయి. సోషలిజం పేరిట జరిగిన ఈ చర్యల లక్ష్యం పెద్ద వర్తకులే కావచ్చు. అయితే బర్మాలో మిగిలిన భారతీయులు అప్పటికే పాతకాలపు కళాసీలు కారు. ఆ తరం బిడ్డలు కిళ్ళీ కొట్టు, కుట్టు మిషను, చిన్న పచారీ దుకాణం స్థాయికి ఎదిగినవారు. రద్దయినవి వారి గల్లాపెట్టెలోని నోట్లు. లక్షమందికి పైగా దేశం విడిచారు. స్వల్ప పరిమితికి మించి నగదు గాని నగలు గాని తీసుకుపోనివ్వలేదు. ఆడవారి మెడలోని సూత్రాలను సైతం రేవులో ఒలిపించారని వచ్చినవారు చెప్పుకున్నారు.

మద్రాసు, విశాఖపట్నం రేవులలో దిగిన వీరిని తెలుగునాట బర్మా కాందిశీకులన్నారు. 1942లో వచ్చినవారికి వెళ్ళడానికి ఊరు ఉంది. 1964లో వచ్చినవారిలో ఎందరో రంగూన్‌లోనే పుట్టినవారు. తాత చెప్పిన ఊరిపేరు తప్ప ఇక్కడ వారికి భూమి లేదు, చుట్టరికం పలచబడింది, మాటలో బర్మీ యాస ఉంది. ప్రభుత్వం శిబిరాలు పెట్టింది, ఇళ్ళస్థలాలూ చిన్న వ్యాపారాలకు అప్పులూ ఇచ్చింది. బర్మా, సింహళ కాందిశీకుల సహాయార్థం 1969లో మద్రాసులో ఒక సహకార బ్యాంకు, నేటి రెప్కో బ్యాంకు, వెలసింది. మద్రాసు హార్బరు దగ్గరి బర్మా బజారు, విశాఖలోని బర్మా క్యాంపు ఆ పునరావాసానికి గుర్తులు. 1942తో పోలిస్తే ఇది చాలా మెరుగైన ఆదరణ అని ఒప్పుకోవాలి. స్వతంత్ర ప్రభుత్వానికీ పరాయి ప్రభుత్వానికీ గల భేదం ఇక్కడ కొంత స్పష్టంగా కనిపిస్తుంది. అయినా పోయిన ఆస్తికి పరిహారం విషయంలో ఆ ప్రభుత్వం సాధించింది స్వల్పమే.

అందరూ రాలేదు. మౌల్‌మేన్ పరిసరాలలోనూ దిగువ బర్మా పల్లెలలోనూ నిలిచిపోయిన తెలుగువారు సేద్యం చేసుకుంటూ, గుళ్ళు నిలుపుకుంటూ, బర్మీ పేర్లతో బడికిపోయే పిల్లలకు ఇంట్లో తెలుగు నేర్పుకుంటూ వచ్చారు. 1982లో బర్మా ప్రభుత్వం మరొక పౌరసత్వ చట్టం తెచ్చింది. పుట్టుకతో పూర్తి పౌరులుగా గుర్తింపు పొందే జాతులకు అది పెట్టిన గడువు 1823. అంటే ఆంగ్లేయులతో మొదటి యుద్ధానికి సరిగ్గా ముందటి ఏడు. తక్కినవారు సహపౌరులు, దత్తపౌరులు అనే దిగువ తరగతులలో చేరి, తమ మనుమల తరం దాకా వేచి ఉండాలి. కొరంగీల వలస దాదాపు యావత్తూ ఆ గడువుకు ఇవతలిదే. ఫిరంగులతో వచ్చిన సామ్రాజ్యాన్నీ, దాని ఓడల మూటలు మోయడానికి వచ్చిన కూలీనీ ఆ చట్టం ఒకే తేదీతో కొలిచింది. ఆ చట్టం నేటికీ అమలులో ఉంది.